చూపులేని బాలుని దినాలు
(ముస్లిం బాల్యాన్ని చెప్పిన కొన్ని గ్రంథాలపై పరిశీలన)

మన ఇళ్లలో చదువుకునే జీవిత చరిత్రలలో బాల్యానికి దక్కే చోటు చాలా తక్కువ. మహనీయుని జననం, వంశం, చిన్నతనంలోనే ఖుర్ఆన్ కంఠస్థం చేయడం, గురువులు ఆశ్చర్యపడడం - ఈ నాలుగు మాటలతో బాల్యం ముగిసిపోతుంది. ఆ తర్వాత వచ్చే పాండిత్యమూ, గ్రంథ రచనా, శిష్యగణమూ మాత్రమే చరిత్రకారునికి ముఖ్యం. ఆ పిల్లవాడు మక్తబ్‌లో ఎన్నిసార్లు ఏడ్చాడు, ఎవరి ముందు సిగ్గుపడ్డాడు, అన్నదమ్ములలో తాను వేరని ఏనాడు తెలుసుకున్నాడు - ఇవి చరిత్రలో చేరదగిన విషయాలుగా మన పెద్దలు భావించలేదు. దీనిని తప్పు పట్టనవసరం లేదు. వారి ఉద్దేశం వేరు. కాని ఒక సమాజం తన పిల్లలతో, అందునా మిగిలిన వారివలె లేని పిల్లలతో, ఎలా మెలగుతున్నదో తెలుసుకోవాలంటే అటువంటి చరిత్రలు మనకు సహాయపడవు. వేరే గ్రంథాలను ఆశ్రయించక తప్పదు.

అట్టి గ్రంథాలలో మొదట చెప్పవలసినది ఈజిప్టు రచయిత తాహా హుసేన్ వ్రాసిన 'అల్ అయ్యామ్'. అంటే 'దినాలు'. మొదటి భాగం 1926-27లో కైరోలోని 'అల్ హిలాల్' పత్రికలో వరుసగా వెలువడి, 1929లో గ్రంథరూపం పొందింది. రచయిత 1889లో ఎగువ ఈజిప్టులోని మగాగా పట్టణానికి సమీప గ్రామంలో జన్మించాడు. తండ్రి చక్కెర కంపెనీలో చిన్న ఉద్యోగి. తండ్రి సంతానం పదముగ్గురిలో ఇతడు ఏడవవాడు. పసితనంలో కళ్లకు జబ్బు చేస్తే కొన్నాళ్లు ఎవరూ పట్టించుకోలేదు, తర్వాత ఊరి మంగలిని పిలిచారు. ఆ వైద్యంతో చూపు పోయింది. ఈ విషయాన్ని రచయిత ఎంతో క్లుప్తంగా, దాదాపు దారిన పోతూ చెప్పినట్లు చెబుతాడు. ఎక్కడా గుండెలు బాదుకోడు.

ఈ గ్రంథం పేరు ఎత్తగానే మన పాఠకులలో కొందరు ముఖం చిట్లిస్తారన్న సంగతి విదితమే. దానికి కారణం ఉన్నది. ఇస్లాంకు పూర్వపు అరబీ కవిత్వంపై 1926లో తాహా హుసేన్ ప్రకటించిన గ్రంథం ఈజిప్టులో పెద్ద దుమారం లేపింది. ఉలమాలు ఆగ్రహించారు, పార్లమెంటులో చర్చ జరిగింది, విషయం ప్రాసిక్యూటర్ వరకు వెళ్లింది. గ్రంథాన్ని ఉపసంహరించి, మార్పులతో 1927లో వేరే పేరున మళ్లీ అచ్చువేశారు. ఆ వివాదంలో ఆయన వాదాలు సరియైనవా కావా అన్నది వేరే చర్చ. ఆ గ్రంథంలోని అనేక అభిప్రాయాలను తర్వాతి పండితులు సాక్ష్యాధారాలతో ఖండించారు, ఆ ఖండనలలో చాలా వరకు నాకు సమ్మతమే. కాని ఆ వేడిలోనే, అదే సంవత్సరం చివరలో ఈ బాల్య కథ పత్రికలో రావడం మొదలైంది. దానివల్ల దీనిని కూడా మతవిద్యపై జరిగిన దాడిగానే చదివేవారు బయలుదేరారు. మక్తబ్ గురువును హాస్యపాత్ర చేశాడనీ, అజ్‌హర్‌ను కించపరిచాడనీ అన్నారు. గ్రంథాన్ని సావధానంగా చదివితే ఈ అభియోగం ఎంతవరకు నిలుస్తుందో చూద్దాం.

ముందుగా కథనం. గ్రంథమంతా ఆ బాలుణ్ణి 'అతడు' అనే చెబుతుంది, 'నేను' అన్న మాట రాదు. దీనిని వినయమని కొందరు, కళ అని కొందరు అన్నారు. నాకు వేరే కారణం తోస్తున్నది. చూపులేని పిల్లవాణ్ణి ఎదుట కూర్చోబెట్టుకుని, అతడు అక్కడ లేనట్లే అతణ్ణి గురించి ఇతరులు మాట్లాడుకోవడం మనం ఎన్నో ఇళ్లలో చూస్తాం. "వీడికి అన్నం పెట్టారా? వీణ్ణి ఆ మూల కూర్చోబెట్టండి." ఇలా ఎల్లప్పుడూ 'వీడు'గా పెరిగిన పిల్లవాడు తన కథను 'అతడు' అని చెప్పుకోవడంలో ఆశ్చర్యం ఏమున్నది? తాను అంధుణ్ణని అతనికి ఎవరూ చెప్పలేదు. అన్నదమ్ములు తనకు తెలియని వేవేవో వర్ణించుకుంటుంటే విని, వారు చూస్తున్నది తాను చూడడం లేదని తనంతట తానే గ్రహించాడు.

ఇంటి ముందు రెల్లు కంచె ఒకటి ఉండేది. కుందేళ్లు దాని సందుల్లోంచి దూరి పోయేవి, పిల్లవాడికి మాత్రం అది లోకానికి అంచు. కంచె అవతల సాయంత్రం పూట ఒక కథకుడు పాడుతుంటే విని ఆనందించేవాడు. ఇంతలో అక్క వచ్చి ఎత్తుకుపోయేది. తల్లి ఒడిలో తల పెట్టించుకుని కళ్లలో మందు చుక్కలు వేసేది. అవి మండేవే గాని గుణమిచ్చేవి కావు. కుటుంబంలో ఎవరికీ ఆ పిల్లవానిపై ప్రేమ లేదని రచయిత అనడు. తల్లి జాలిని, తండ్రి మృదుత్వాన్ని చెబుతాడు. కాని ఆ జాలిలో కొంత నిర్లక్ష్యమూ కలిసి ఉన్నదని, అది తన మనస్సులో ముల్లువలె గుచ్చుకున్నదని కూడా చెబుతాడు. జాలి వేరు, గౌరవం వేరు. ఈ తేడాను ఇంత సూక్ష్మంగా పట్టుకున్న గ్రంథం నేను వేరొకటి చదవలేదు.

భోజన సన్నివేశాన్ని తీసుకోండి. ఒక రాత్రి అందరూ కూర్చుని భోంచేస్తున్నారు. ఆ పిల్లవానికి ఒక ఆలోచన వచ్చింది. ముద్దను ఎప్పటివలె ఒక చేత్తో గాక రెండు చేతులతో తీసుకుంటే ఎలా ఉంటుంది? తీసుకున్నాడు. అన్నలు పగలబడి నవ్వారు. తల్లి ఏడ్చింది. తండ్రి శాంతంగా, విచారంగా, ముద్ద అలా తీసుకోరు నాయనా అన్నట్లు మందలించాడు. అంతే జరిగింది. ఎవరూ కొట్టలేదు, తిట్టలేదు. కాని ఆ రాత్రి ఎలా గడిచిందో ఆ పిల్లవానికి తెలియదు. అప్పటినుండి చారు, అన్నం, చెంచాతో తినే పదార్థాలన్నీ తనకు తానే నిషేధించుకున్నాడు. ఇరవై అయిదేళ్ల వయస్సు వరకు ఆ నిషేధం కొనసాగింది. ఆటలు మానుకున్నాడు. ఇనుప ముక్కలు పోగుచేసుకుని ఒక మూల కూర్చుని, వాటిని ఒకదానితో ఒకటి తట్టుకుంటూ గడిపేవాడు.

ఇక్కడ రచయిత పదవ శతాబ్దిలో పుట్టిన అరబీ మహాకవి అబుల్ అలా అల్ మఅర్రీని తలచుకుంటాడు. నాలుగేళ్ల వయస్సులో మశూచి వల్ల చూపు పోగొట్టుకున్న ఆ కవి, తింటుండగా పాకం ఛాతీపై ఒలికిందని ఒక శిష్యుడు చెప్పగా, ఆ పదార్థాన్నే జీవితాంతం మానివేశాడట. తాహా హుసేన్ 1914లో ఈజిప్టు విశ్వవిద్యాలయంలో తన పరిశోధనను ఆ కవిపైనే చేశాడు. ఈ భోజన సన్నివేశం చదివిన తర్వాత, పరిశోధనకు వేరొకరిని గాక ఆయననే ఎందుకు ఎన్నుకున్నాడన్న ప్రశ్న ఉదయించదు.

నవ్విన అన్నలు దుర్మార్గులు కారు. ఏడ్చిన తల్లీ, మందలించిన తండ్రీ అతని మేలు కోరేవారే. అయినా ముగ్గురి ప్రవర్తనా కలిసి ఒక పిల్లవాణ్ణి ఇరవై ఏళ్లకు పైగా ఒంటరి భోజనానికి నెట్టింది. క్రూరత్వం మీద గ్రంథాలు అనేకం ఉన్నవి. మంచివారి మధ్య జరిగే గాయం మీద గ్రంథాలు తక్కువ.

ఇక మక్తబ్. పిల్లలు 'సయ్యిద్‌నా' అని పిలిచే ఆ గురువు చిత్రణలో హాస్యం ఉన్నమాట నిజమే. భారీ శరీరం, కర్ణకఠోరమైన గొంతు, అయినా దారిలో పాడుకుంటూ నడవడం, బహుమానాలపై ఆశ. అయితే విమర్శకులు చాలామంది పైపైన దాటిపోయిన ఒక వివరం ఇందులో ఉన్నది. ఈ సయ్యిద్‌నా కూడా దాదాపు అంధుడే! ఒక కంట్లో మాత్రం మసక వెలుగు. ఆ కొద్దిపాటి వెలుగును చూపుకొని తాను చూడగలవాడినేనని నమ్మించాలని అతని తాపత్రయం. నడిచేటప్పుడు ఇద్దరు విద్యార్థుల భుజాలపై చేతులు వేసుకుని దారినంతా ఆక్రమించుకుని పోతాడు. గ్రామంలో ఆ చిన్న పిల్లవాని స్థితిని అందరికన్న బాగా ఎరిగి ఉండవలసిన మనిషి ఇతడొక్కడే. ఆ ఒక్కడే తన అంధత్వాన్ని దాచుకోవడంలో నిమగ్నుడై ఉన్నాడు. దీనిలో ఉన్నది వెటకారం మాత్రమే అనుకునేవారు గ్రంథాన్ని చదివినట్లు కాదు. ఆ బాలుడు పెద్దవాడై ఏమి కాగలడో దానికి ఒక నమూనా ఎదుటనే నిలబడి ఉన్నది. అతని భయం అదే.

తొమ్మిదేళ్లు నిండకముందే పిల్లవాడు ఖుర్ఆన్ పూర్తిచేశాడు. తల్లిదండ్రులు అతణ్ణి 'షేఖ్' అని పిలవనారంభించారు. జుబ్బా, తలపాగా వస్తాయనుకున్నాడు, రాలేదు. బిరుదు మాత్రమే మిగిలింది. ఇక్కడ మన దేశపు మాట ఒకటి జ్ఞాపకం వస్తుంది. ఉర్దూ మాట్లాడే ప్రాంతాలలో చూపులేని ముసలివారిని, వారికి ఖుర్ఆన్ కంఠస్థమై ఉన్నా లేకపోయినా, 'హాఫిజ్ జీ' అని పిలిచే వాడుక ఉన్నది. 'నాబీనా' అనడానికి మనసొప్పక పుట్టిన మర్యాద అది. మంచి వాడుకే. కాని పిల్లవాని వైపునుండి చూస్తే, ఆ పిలుపు ఒక తలుపు తెరిచి మిగిలిన తలుపులన్నీ మూసివేస్తుంది. నీవు హాఫిజ్‌వే కావాలి, సమాధుల దగ్గర, మరణాల ఇళ్లలో పారాయణం చేసి బ్రతకాలి అని చెప్పకనే చెబుతుంది. ఆ ఈజిప్టు గ్రామంలోనూ ఇదే జరిగింది.

కొంతకాలానికి, మననం లేక, కంఠస్థం చేసినదంతా మరచిపోయాడు. ఒకనాడు తండ్రి అతిథుల సమక్షంలో 'షుఅరా' సూరా చదవమన్నాడు. ఆ సూరా, దాని తర్వాతి రెండు సూరాలు ఇంచుమించు ఒకే రకపు అక్షరాలతో ప్రారంభమవుతాయని హాఫిజ్‌లందరికీ తెలుసు. పిల్లవాడు ఆ అక్షరాలను దాటి ముందుకు పోలేకపోయాడు. తండ్రి నెమ్మదిగా లేచి పొమ్మన్నాడు. మరల గురువు వద్దకు పంపారు. ఈ తతంగంలో గురువు పరువు నిలబెట్టుకోవడానికి ఒట్లు పెట్టుకుంటాడు, చేసిన ఒట్లను మరచిపోతాడు. ఆ పిల్లవాడు ఖుర్ఆన్‌తోపాటు ఇంకొకటి కూడా నేర్చుకున్నాడు. పెద్దల ప్రమాణాలు ఎంత చౌకగా దొరుకుతాయో నేర్చుకున్నాడు.

మతవిద్యను అవమానించాడనే అభియోగానికి సమాధానం ఇక్కడే దొరుకుతుంది. విద్యార్థులపై కఠినంగా ప్రవర్తించడం వారికి హానికరమని, అది పిల్లల ఉత్సాహాన్ని చంపి, అబద్ధానికి, మోసానికి అలవాటు చేస్తుందని ఇబ్న్ ఖల్దూన్ తన 'ముఖద్దిమా'లో 14వ శతాబ్దంలోనే వ్రాశాడు. తాహా హుసేన్ పారిస్‌లో 1918లో సమర్పించిన పరిశోధన ఆ ఇబ్న్ ఖల్దూన్ మీదనే. సయ్యిద్‌నా మక్తబ్ చిత్రణ ఆ మహా చరిత్రకారుని సూత్రానికి ఉదాహరణ అనిపిస్తుంది. తాను పదేళ్లు సేవ చేసినా దైవప్రవక్త (స) ఒక్కసారి కూడా తనను విసుక్కోలేదని హజ్రత్ అనస్ (రజి) చెప్పిన సంగతి మన మదరసాలన్నింటిలోనూ బోధింపబడుతుంది. ఆ కొలబద్దతో సయ్యిద్‌నాను కొలిస్తే తక్కువ తూగుతున్నది సయ్యిద్‌నాయే. కొలిచిన వానిని నిందించడం న్యాయం కాదు.

గ్రంథంలో నన్ను ఎక్కువగా కదిలించినవి రెండు మరణాలు. నాలుగేళ్ల చెల్లెలు ఈదుల్ అద్‌హా రోజులలో మూలన ముడుచుకుని కూర్చున్నది. ఇంటినిండా పండుగ పని. పిల్ల జబ్బుగా ఉన్నదని తెలిసినా ఎవరూ వైద్యుణ్ణి పిలవలేదు. పిల్లలకు జబ్బులు వస్తాయి, పోతాయి అనుకున్నారు. పిల్ల పోయింది. తర్వాత 1902 ఆగస్టులో, వైద్యవిద్యకు సిద్ధమవుతున్న పద్దెనిమిదేళ్ల అన్న కలరాతో మరణించాడు. ఆ అన్న ఊరి వైద్యునికి సాయంగా రోగుల మధ్య తిరిగాడు.

అన్న మరణానంతరం ఆ బాలుడు చేసిన పనిని, అతణ్ణి అధార్మికుడని చెప్పేవారు ఒకసారి చదవాలి. నమాజు పదిహేనవ ఏట విధి అవుతుందని విన్నాడు. అన్నకు పద్దెనిమిది. చదువుల హడావుడిలో అన్న చాలా నమాజులు, ఉపవాసాలు వదిలివేశాడని ఇతనికి తెలుసు. అంటే మూడేళ్ల ఋణం. పన్నెండు పదమూడేళ్ల ఈ పిల్లవాడు లెక్క కట్టుకుని, ఎవరికీ చెప్పకుండా, ప్రతి నమాజునూ రెండుసార్లు, తనకొకటి అన్నకొకటి, చేయసాగాడు. ఏటా రెండు నెలలు ఉపవాసం ఉన్నాడు. తనకు దొరికిన తినుబండారాలలో అనాథలకు, పేదలకు ముందు పెట్టేవాడు. ఒకరి నమాజు మరొకరు చేయవచ్చునా అన్న ఫిఖ్హ్ ప్రశ్నకు ఇది సందర్భం కాదు. ఆ పసి హృదయంలో నమాజుకు గల విలువను చూడండి. మక్తబ్‌ను ద్వేషించే గ్రంథంలో ఈ పుటలు ఉండవు.

రెండవ భాగం అజ్‌హర్ రోజులు. దీని రుచి చేదు. 1902లో అన్న షేఖ్‌తో కలిసి కైరో వచ్చాడు. అన్న పాఠాలకు, మిత్రుల సహవాసానికి వెళ్లిపోతే, సాయంత్రంనుండి ఇతడు గదిలో ఒంటరిగా కూర్చునేవాడు. దీపం వెలిగించేవారు లేరు. చూపులేనివానికి దీపం ఎందుకు? కాని ఆ చీకటికి ఒక శబ్దం ఉండేదని, అది తన చెవులను హింసించేదని ఇతడంటాడు. పక్క గదిలో మిత్రులు టీ తాగుతూ నవ్వుకుంటుంటే వినేవాడు. పిలిస్తే పోదామని ఉండేది, అడగడానికి అభిమానం అడ్డువచ్చేది. ఊరినుండి పినతల్లి కొడుకు వచ్చి గదిలో చేరిన రోజున గాని ఈ బాధ తీరలేదు.

అజ్‌హర్‌లో చేరడానికి పరీక్ష జరిగింది. పరీక్షకుడు ఇతణ్ణి పేరు పెట్టి గాక, గుడ్డివాడా అని సంబోధించి పిలిచాడు. నాలుగు ఆయతులు విని, అదే సంబోధనతో, దీవించి పంపివేశాడు. ఇంట్లో ఎన్నడూ ఎవరూ తనను ఆ మాటతో పిలవలేదని, తన లోపాన్ని తన ముందు ఎత్తేవారు కారని బాలుడు తలచుకుంటాడు. ఆ పరీక్షకుడు చెడ్డవాడని రచయిత అనడు, నేనూ అనను. దీవించాడు కూడా! కాని ఇక్కడ ముస్లిం పాఠకునికి 'అబస' సూరా స్ఫురించక మానదు. మక్కా నాయకులతో దైవప్రవక్త (స) మాట్లాడుతుండగా అబ్దుల్లా బిన్ ఉమ్మె మక్తూమ్ (రజి) అనే అంధుడు వచ్చి విద్య అడగడం, ప్రవక్త (స) ముఖం చిట్లించడం, దానిపై అల్లాహ్ హెచ్చరిక రావడం అందరికీ తెలిసిన విషయమే. ఆ సూరాలోనూ 'అంధుడు' అన్న పదమే ఉన్నది. అయితే వచ్చినవాడు మాట మధ్యలో అడ్డుపడడానికి కారణం అతని చూపులేమి అని, అతని తరఫున సంజాయిషీగానే ఆ పదం వచ్చిందని వ్యాఖ్యాతలు పలువురు వివరించారు. అదే పదం. ఒకచోట మనిషికి అండగా నిలుస్తుంది, ఇంకొకచోట అతని పేరును మింగివేస్తుంది. ఆ సూరాను నిత్యం బోధించే విద్యాలయంలోనే ఇది జరిగిందన్నది రచయిత బాధ. ఆ ఉమ్మె మక్తూమ్ కుమారుణ్ణి ప్రవక్త (స) తర్వాత మదీనాలో ముఅజ్జిన్‌గా నియమించారు. తాము ప్రయాణమైనప్పుడు మదీనాలో తమ స్థానంలో పలుమార్లు నిలిపారు. ఒక అంధునికి పారాయణం తప్ప వేరే పని లేదన్న భావన మనకు ఎక్కడినుండి వచ్చినా, అక్కడినుండి మాత్రం రాలేదు.

గ్రంథంలో లోపాలు లేవని కాదు. మూడవ భాగంలో, ఫ్రాన్సుకు పోయిన తర్వాతి జీవితంలో, బాలుని చెవి పోయి పెద్దమనిషి గొంతు వచ్చేసింది. అక్కడ చెప్పేవి అధికంగా విజయాలు, పంతాలు. మొదటి భాగంలోనే గ్రామ ఫకీర్లను, తరీఖా పెద్దలను చిత్రించిన తీరులో పట్టణపు విద్యావంతుని అవహేళన కనిపిస్తుంది. వారి మధ్య నిజాయితీపరులు ఒక్కరైనా లేకపోయారా? తల్లి ఏడుపు మనకు వినిపిస్తుంది గాని తల్లి మాట సరిగా వినిపించదు. మొదటి భాగం చివర తొమ్మిదేళ్ల కూతురిని ఉద్దేశించి వ్రాసిన అధ్యాయం మాత్రం ఈ లోపాలన్నింటినీ మరిపిస్తుంది. తండ్రి బాల్యాన్ని తెలుసుకుంటే ఆమె ఏడుస్తుందేమోనని, కళ్లు పోగొట్టుకున్న గ్రీకు రాజు కథ చెప్పినప్పుడు ఎలా ఏడ్చిందో గుర్తుచేసుకుని, ఆ తండ్రి వెనుకాడడం గొప్ప ఘట్టం. ఈయన 1950లో ఈజిప్టు విద్యామంత్రి అయ్యాడు. విద్య గాలివలె, నీటివలె అందరికీ అందాలన్నది ఆయన నినాదం. 1973లో మరణించాడు.

'అల్ అయ్యామ్' పక్కన పెట్టి చదవదగిన ఇంకొక గ్రంథం సెనెగల్ రచయిత షేఖ్ హామిదూ కాన్ 1961లో ఫ్రెంచి భాషలో ప్రచురించిన నవల. 'సందిగ్ధ సాహసం' అని దాని పేరును తెలుగు చేయవచ్చు. ఇందులో బాలుని పేరు సాంబా డియాల్లో. ఇతనికి శారీరక లోపం లేదు. ఇతని భిన్నత్వం ప్రతిభలో ఉన్నది. గురువు థియెర్నో అందరికన్న ఇతణ్ణి ఎక్కువగా ప్రేమిస్తాడు, అందరికన్న ఎక్కువగా హింసిస్తాడు. ఆయతు పలకడంలో నాలుక తడబడితే చెవి తమ్మెను గోళ్లతో రక్తం వచ్చేలా గిల్లుతాడు, మండే కట్టెతో వాత పెడతాడు. రచయిత ఈ దృశ్యాన్ని గ్రంథారంభంలోనే పెట్టాడు. దానిని సమర్థించడు, ఖండించడు. ఆ బాలుడు ఆ వాక్యం అర్థం తెలియకుండానే దానిని ప్రేమిస్తున్నాడనీ, గురువు ఆ వాక్యం పట్ల భయభక్తులతోనే హింసిస్తున్నాడనీ చూపిస్తాడు. తాహా హుసేన్ గురువుకు విశ్వాసం కొరవడింది, కాన్ గురువుకు కరుణ కొరవడింది. నిజం చెప్పాలంటే నాకు రెండవవాడే ఎక్కువ భయం కలిగిస్తాడు, ఎందుకంటే అతణ్ణి చూసి నవ్వలేము.

ఈ నవలలో అసలు ప్రశ్న వేరు. ఫ్రెంచివారు పాఠశాల పెట్టారు. పిల్లలను అక్కడికి పంపితే కొత్త విద్య వస్తుంది, ఉన్నది పోతుంది. రాబోయేది పోయేదానికి సాటి వస్తుందా? తెగ నాయకుడు తేల్చుకోలేకపోతాడు, గురువు తేల్చడు. నాయకుని అక్క, అందరూ గౌరవించే వృద్ధ రాచస్త్రీ, పంపవలసిందేనని తీర్మానిస్తుంది. సాంబా డియాల్లో పారిస్ చేరి తత్వశాస్త్రం చదువుతాడు. తిరిగి వచ్చేసరికి నమాజు చేయలేని స్థితిలో ఉంటాడు. గురువు సమాధి దగ్గర ఒక పిచ్చివాడు నమాజు చేయమని ఒత్తిడి చేసి, చివరకు చంపివేస్తాడు. ఈ ముగింపు చాలామందికి నచ్చదు. నాకు నచ్చకపోవడానికి కారణం మరణం కాదు. పారిస్ పుటలలో ఆ బాలుడు మాయమై ఒక సిద్ధాంతం మిగలడం. చెవినుండి రక్తం కారినా ఆయతు ఆపని పిల్లవాణ్ణి మనం నమ్మాం. వాదోపవాదాలు చేసే యువకుణ్ణి నమ్మడానికి కష్టపడవలసి వస్తుంది. అయినా ఇంగ్లీషు బడికీ మదరసాకూ మధ్య నలిగిన కుటుంబాలు మన మధ్య ఉన్నంతకాలం ఈ నవల పాతబడదు.

గినీ రచయిత కమారా లాయే 1953లో ఫ్రెంచిలో వ్రాసిన బాల్య కథ వీటికన్న తీయనిది, తేలికైనది. కురూసా పట్టణంలో కమ్మరి, కంసాలి పని చేసే తండ్రి, తల్లి పుట్టినూరిలో వరి కోతలు, సున్తీ వేడుక, చివరకు ఫ్రాన్సుకు విమానం. తండ్రి కొలిమి దగ్గర బంగారం కరిగే ఘట్టం మరపురాదు. నల్లని పామును వంశ రక్షకురాలుగా భావించడం, తల్లికి అతీత శక్తులను అంటగట్టడం మన పాఠకులకు రుచించవు, రుచించనక్కరలేదు. నమాజు, జాతి ఆచారం ఒకే వాకిట్లో కలిసి ఉన్న ఇల్లు అది, ఉన్నది ఉన్నట్లు వ్రాశాడు. ఫ్రెంచి పాలన అన్యాయాల ఊసెత్తలేదని కామెరూన్ రచయిత మోంగో బేటీ దీనిని తీవ్రంగా విమర్శించాడు. ఆ విమర్శలో పస ఉన్నది. అయితే ఒక మాట. కొడుకు చదువుకుని తనను విడిచిపోతాడని తండ్రికి మొదటి అధ్యాయంలోనే తెలుసు. ఆ తండ్రి మౌనంలో పాలకుల ప్రసక్తి లేకపోయినా పాలన ఫలితం ఉన్నది.

తెలుగులో ఈ కోవకు చెందినవి అరుదు. ముస్లిం ఇంటి బాల్యాన్ని నెల్లూరు సీమ మాండలికంలో చెప్పిన మహమ్మద్ ఖదీర్‌బాబు 'దర్గామిట్ట కతలు' ప్రత్యేకంగా పేర్కొనదగినవి. 1990ల చివరలో వచ్చిన ఈ కథలు పాఠకులను కడుపుబ్బ నవ్వించాయి. ఇంట్లో ఒక లోకం, వీధిలో ఇంకొక లోకం ఉన్న పిల్లవాడు రెండింటి మధ్య ఎంత సులువుగా తిరుగుతాడో ఇవి చూపుతాయి. తాహా హుసేన్ పిల్లవానికి ఇంట్లోనే కంచె, ఈ పిల్లవానికి కంచెలు కనబడినా దూకే సందులు కూడా తెలుసు. పేదరికాన్ని హాస్యంతో కప్పడం ఒక్కోచోట ఎక్కువైనట్లు తోచినా, ముస్లిం బాలుడు తెలుగు కథలో పక్కింటి పాత్రగా గాక కథకుడుగా నిలబడడం చిన్న విషయం కాదు. మన ఊళ్లలో చూపులేని, వినికిడి లేని, నడవలేని ముస్లిం పిల్లవాని కథను ఆ యాసతో, ఆ చనువుతో వ్రాసేవారు ఇంకా రావలసి ఉన్నది.

'అల్ అయ్యామ్' మొదటి భాగాన్ని పాక్స్‌టన్ 1932లో ఇంగ్లీషు చేశాడు. తర్వాత రెండు భాగాలకు కూడా అనువాదాలు వచ్చాయి. అరబీ చదవగల మదరసా విద్యార్థులు మూలాన్నే చదవడం మంచిది. ఆ వచనం సరళమైనది. ఒకే మాటను మరల మరల తిప్పి చెప్పే ఆ పద్ధతి వినికిడి మీద బ్రతికినవాని పద్ధతి అని చెవికి వెంటనే తెలుస్తుంది. మొదటి భాగాన్ని పన్నెండేళ్ల పిల్లవాని చేతికైనా ఇవ్వవచ్చు. అవమానం భరించలేక బాలుడు తనను తాను గాయపరచుకునే ఒక ఘట్టం ఉన్నది గనుక, పెద్దవారు పక్కన కూర్చుని చదివించడం మంచిది. రెండవ భాగాన్ని మాత్రం ముందుగా చదవవలసినవారు పిల్లలు కారు. హాస్టళ్లలో, మదరసా గదులలో వారిని దింపి వచ్చే అన్నలు, తండ్రులు చదవాలి.